గంట కొట్టేవాడి బల్ల

పోటీ జరిగినంతసేపూ బెల్టు ఎవరిదీ కాదు.
నా బల్ల మీద ఉంటుంది,
గంటకీ టీ ఫ్లాస్కుకీ మధ్య.

హచినోహె మునిసిపల్ వ్యాయామశాల. ఫిబ్రవరి.
ఉన్నది ఒక్క హీటరు, అదీ దగ్గుతోంది.
నేల మీద బ్యాడ్మింటన్ గీతలు,
వాటి మీద మధ్యాహ్నం మేమే బిగించిన బరి.
ఆరువందల మడతకుర్చీల్లో నాలుగువందల చిల్లర జనం,
స్క్విడ్ పడవలు దిగి
గొంతులో ఉప్పయినా పుక్కిలించకుండా వచ్చేసినవాళ్ళు.
ఈ రాత్రి టైటిళ్ళు నాలుగు. బెల్టులు మాత్రం ఐదు,
జోడీలకి తలా ఒకటి.

మొదటిది తేలిక బరువు కుర్రాళ్ళది.
తాళ్ళ మీంచి ఎగిరారు, పడ్డారు, మళ్ళీ ఎగిరారు.
ఆరు నిమిషాల పన్నెండు సెకన్లు.
నేనింకా టీ పోసుకోనేలేదు.

జోడీల పోటీలో ఒగసవర పంటికట్టు ఊడింది.
రెఫరీ ఏరి జేబులో వేసుకున్నాడు.
జనం కడుపుబ్బ నవ్వుతుంటే
నేను బెల్టు మరమేకు ఒకటి వదులయిందని చూసి
పది యెన్ల నాణెంతో బిగించాను.
ఎవరు గెలిచారో గంట కొట్టాకే తెలిసింది నాకు.

ఆడవాళ్ళ టైటిల్‌కి చాంపియన్ ఇసురుగి నావొ
తన బెల్టు రెఫరీకిచ్చింది, రెఫరీ నాకిచ్చాడు.
నడుము వేడి ఇంకా ఉంది దానికి,
ఇప్పుడే దించిన మూకుడు మూతలా.
ఎదురు నిలిచింది మికామి చిగుసా, ఈ ఊరి పిల్ల.
వాళ్ళమ్మ చేపల వేలంశాలలో తూకం వేస్తుంది.
మూడో వరసంతా ఆ తూకంవాళ్ళే, రబ్బరు బూట్లతోనే.
పేరు పిలవగానే నారింజ కాగితపు రీళ్ళు
నాలుగు వైపుల నుంచీ విప్పుకుంటూ వచ్చి
పిల్లని కప్పేశాయి. కాసేపు భుజాలే కనిపించలేదు.

పదిహేడో నిమిషంలో చిగుసా పట్టు బిగించింది.
ఒకటి. రెండు. రెండూ ముప్పావు.
చాంపియన్ భుజం లేచింది.
బూట్లన్నీ ఒక్కసారి నేలని తన్నాయి.
ఆ ముప్పావుకీ మూడుకీ మధ్య ఎంత చోటుందో
నన్నడగండి. ఇరవై రెండేళ్ళ కిందట
షిమొనొసెకిలో, నా వీపు కింద ఆ చాప,
నా కోసమూ బల్ల మీద బెల్టు,
రెండూ ముప్పావు దగ్గర లేచాను.
మళ్ళీసారి లేవలేదు.
మోకాలు ఆ తర్వాత మాట వినడం మానేసింది.

చిగుసా ఓడింది.
తల్లి లేవలేదు, చప్పట్లు కొట్టలేదు,
కూతురి మెడలో చిక్కుకున్న కాగితం చూపించి
తీసేసుకోమని సైగ చేసింది.
నావొ నడుముకి బెల్టు కడుతుంటే
పొట్ట లోపలికి లాక్కోవడం చూశాను.
ఇరవై నిమిషాల్లో చల్లారిపోతుంది లోహం.
నిలబెట్టుకున్నవాళ్ళకైనా
అది చల్లగానే తిరిగొస్తుంది.

చివరిది పెద్ద బరువు.
ఉరుషిహర చాంపియన్, హొరికొషి పోటీదారు.
రొమ్ముల మీద చేతిదెబ్బలు, చేపల బల్ల మీద కత్తివాదర చప్పుడు.
అరగంటకి జనం అరిచారు.
నలభై అయిదుకి అరవడం మానేశారు.
యాభై తొమ్మిదో నిమిషంలో ఇద్దరూ మోకాళ్ళ మీద,
ఒకరి భుజానికొకరు నుదురానించి,
కుస్తీయో, నిద్రో.
అరవై. నేనే కొట్టాను గంట.
ఎవరూ గెలవలేదు.

నియమం ప్రకారం బెల్టు ఉరుషిహరదే. పట్టుకెళ్ళాను.
ఆయన చూశాడు. చేత్తో వెనక్కి నెట్టాడు.
"ఇవాళ్టికి నీ దగ్గరుండనీ."
పెదవి చిట్లి మాట సరిగ్గా రాలేదు,
ఇంకేదైనా అన్నాడేమో కూడా.

పన్నెండింటికల్లా బరి విప్పేశాం.
శిక్షణ కుర్రాళ్ళు నారింజ కాగితం గోతాల్లో కుక్కారు.
బ్యాడ్మింటన్ గీతలు మళ్ళీ బయటపడ్డాయి.

ఇప్పుడు బస్సులో, మొరియొకా దారిలో, మంచు.
అందరూ గురక పెడుతున్నారు.
బెల్టు పెట్టెలో పెట్టలేదు నేను.
కోటు లోపల, చొక్కా మీద ఉంది.
పొద్దున్న ఆయన అడిగితే
వెచ్చగా ఇద్దామని, అంతే.
కాస్త వదులుగా ఉంది.
రంధ్రం ఒకటి లోపలికి జరిపాను.